పొట్టలు ముందు, తలకట్లు తర్వాత

మా శాంతయ్య రాసిన ‘అ’ పొట్టలో తిరుపతిరావు గారి గేదె ఈనింది. తల్లికీ దూడకీ అక్షరంలోంచి బయటికి వచ్చే దారి తెలియక సాయంత్రం దాకా అందులోనే తిరుగుతూ ఉండిపోయాయి.

సరే, గేదె ఈనింది అంతకు వారం ముందు, వాళ్ల కొట్టంలోనే. అక్షరంలోకి వచ్చింది దూడ ఒక్కటే. కాసేపు పడుకుని, దానంతట అదే లేచి వెళ్లిపోయింది. అక్షరం మాత్రం అంత పెద్దదే. ఆ చివర నుంచి ఈ చివరికి నలభై అడుగులు, నేనే నడిచి కొలిచాను. ముప్పై అనుకున్నా నాకేం కోపం లేదు.

శాంతయ్య గోడలు రాసేవాడు. జగ్గయ్యపేట నుంచి నందిగామ దాకా హైవే పక్కన ఉన్న గోడల మీద ముప్పై ఏళ్లపాటు సిమెంటు, పురుగుమందులు, ఎన్నికల గుర్తులు, అన్నీ వాడి చేతిమీదుగానే వెలిశాయి. నేనూ వాడూ కాన్వెంట్లో అయిదో తరగతి దాకా ఒకే బెంచీ. ఆ తర్వాత నేను చదువు సాగించి పోస్టాఫీసులో చేరి, ఊరందరి ఉత్తరాలూ చదివాను. అంటే పైన అడ్రసు మాత్రమే. వాడు చదువు మానేసి నిచ్చెన ఎక్కాడు. బస్సు ఎంత జోరుగా వెళ్తున్నా, కిటికీ పక్కన కూర్చున్నవాడు వాడి అక్షరాన్ని చదవకుండా దాటిపోలేకపోయేవాడు. తర్వాత ఫ్లెక్సీలు వచ్చాయి. ఇప్పుడు ట్రాక్టరు ట్రాలీల వెనక పేర్లు, నీళ్ల ట్యాంకుల మీద నంబర్లు రాసుకుంటున్నాడు.

కిందటి మే నెలలో మా అబ్బాయి బెన్ని తన కూతురు సుస్మితను జగ్గయ్యపేటలో మా ఇంట్లో దింపి వెళ్లాడు. వాళ్లు ఉండేది నందిగామలో. పిల్లకు అయిదేళ్లు నిండాయి, యూకేజీ అయిపోయింది. మాటల్లో నన్ను మించిపోయింది, అంటే ఎంత మాటకారో మీరే ఊహించుకోవచ్చు. అక్షరాలు చూపిస్తే గడగడా చదువుతుంది. రాయమంటే మాత్రం రాయదు. బడివాళ్లు బెన్నికి చెప్పేశారట. జూన్ పన్నెండున బడి తెరిచిన రోజు పిల్ల తన పేరు తెలుగులో తనే రాసి చూపించాలి. రాస్తే ఒకటో తరగతి, రాయకపోతే ఇంకో ఏడాది యూకేజీ.

బెన్ని బాధ ఫీజు గురించో పరువు గురించో నాకు తెలియదు గానీ, సుస్మిత బాధ మాత్రం వేరే. దాని స్నేహితురాలు సింధూర ఒకటో తరగతికి వెళ్లిపోతోంది. రెండేళ్లుగా ఇద్దరూ వ్యానులో ఒకే సీటు. ఒకటో తరగతి వాళ్లకు వేరే వ్యాను.

“తాతయ్యా, నేను వెళ్లకపోతే సింధు పక్కన ఎవరు కూర్చుంటారు?” అని మొదటి రోజే అడిగింది.

“నువ్వే కూర్చుంటావు. పది రోజుల్లో రాయించేస్తా చూడు. మీ తాత ఎవరనుకున్నావు, కాన్వెంట్ ప్రోడక్టు,” అన్నాను.

నాలుగు గీతల పుస్తకం కొన్నాను. డజను పెన్సిళ్లు చెక్కి బల్ల మీద వరసగా పేర్చాను. పెన్సిల్ చూడగానే పిల్ల రెండు చేతులూ వీపు వెనక్కి పెట్టేసుకుంది.

“చెయ్యి ఏదమ్మా?”

“లేదు.”

“రెండూ లేవా?”

“ఊహూఁ.”

ఒక్క అక్షరం రాస్తే చాక్లెట్ అన్నాను. చేతులు వెనకే ఉంచి, నోరు తెరిచి ముందుకు వంగింది. పెట్టక ఏం చేస్తాను? అలా మూడు రోజుల్లో పది చాక్లెట్లు అయిపోయాయి, పుస్తకంలో గీత పడలేదు.

“ఇక చాల్లెండి,” అంది మా ఆవిడ జయమణి. “మీ పద్ధతిలో ఇంకో వారం పోతే పిల్ల అన్నం కూడా చేత్తో తినడం మర్చిపోద్ది.”

అసలు సంగతి బయటపడింది జయమణి దగ్గరే. పిల్లకు జడ వేస్తూ నెమ్మదిగా అడిగితే ఒక్కొక్కటే చెప్పింది. “నేను రాస్తే తప్పు పోద్ది నానమ్మా. తప్పు పోతే మిస్ రబ్బరుతో చెరుపుద్ది. గట్టిగా చెరిపితే కాగితం చిరుగుద్ది. చిరిగితే నాన్న అరుస్తాడు. రాయకపోతే ఏమీ చిరగదు.”

ఇందులో తప్పు ఎక్కడుందో నాకు ఇప్పటికీ కనిపించదు. ఆ రోజు సాయంత్రం బెన్ని ఫోన్ చేసి, “ఎంతవరకు వచ్చింది నాన్నా?” అంటే, “సగం అక్షరాలు వచ్చేశాయిరా,” అని చెప్పాను. ఫోన్ పెట్టేశాక జయమణి నా వంక చూసింది. “మిగతా సగం కూడా మీరే బడికెళ్లి రాసొస్తారా?”

ఆ మర్నాడు పొద్దున్నే శాంతయ్య తన మోపెడ్ మీద రెండు బకెట్లు, ఒక నిచ్చెన వేసుకుని దిగాడు. మా ప్రహరీ గోడ నిండా కోచింగ్ సెంటర్ల పోస్టర్లు అంటించి పోతున్నారు. అవి పీకించి, సున్నం వేయించి, ‘ఈ గోడకు పోస్టర్లు అంటించరాదు’ అని రాయించాలని వాడికి ఎప్పుడో చెప్పి ఉంచాను.

“ఏరా పోస్టూ,” అన్నాడు. వాడు నన్ను నలభై ఏళ్లుగా అలాగే పిలుస్తాడు. “రాస్తే మాత్రం ఎవడు చదువుతాడ్రా? అంటించేవాడికి చదువొస్తే అంటించడుగా.”

“నీకెందుకురా, నువ్వు రాయి.”

పోస్టర్లన్నీ గీకేసరికి బూడిదరంగు సిమెంటు గోడ బయటపడింది. రోహిణి కార్తె ముందరి ఎండకు పొద్దున ఎనిమిదింటికే గోడ పెనంలా ఉంది. పొడి గోడకు సున్నం పట్టదు, ముందు తడపాలి. శాంతయ్య పైభాగం తడుపుతూ పక్కకు చూశాడు. గేటు దగ్గర సుస్మిత నిలబడి ఉంది. చేతులు వెనక్కే ఉన్నాయి. వాడు పేరు అడగలేదు, ఏ క్లాసని అడగలేదు.

“ఏం తల్లీ, ఖాళీయేనా?”

“ఆఁ.”

“అయితే ఆ బ్రష్ అందుకో. కింద తడపాలంటే నాకు నడుం వంగట్లా.”

అరచేయంత వెడల్పున్న బ్రష్ అది. రెండు చేతులూ ముందుకొచ్చాయి. నేను వరండాలో పేపరు అడ్డం పెట్టుకుని చూస్తున్నాను. సుస్మిత బ్రష్‌ను బకెట్‌లో ముంచి గోడకు ఒక్కటి వేసింది. నల్లటి చార పడింది. ఇంకోటి అడ్డంగా వేసింది. మూడోది చుట్టూ తిప్పింది. అది తిప్పి వచ్చేసరికి మొదటి చార ఎండి మాయమైపోయింది.

“తాతా! గీత పోయింది!”

“పోద్ది. ఎండ కదా.”

“ఎవరు చెరిపారు?”

“ఎవరూ చెరపలా. దానంతటదే పోయింది.”

పిల్ల గోడకు ముక్కు ఆనించి చూసింది. చేత్తో రాసి చూసింది. “మరి గోడ చిరగలేదేంటి?”

“గోడ ఎక్కడన్నా చిరుగుద్దా? తడుపు, తడుపు. ఆరిపోతంది.”

ఆ పూటకు మా బావిలో నీళ్లు రెండు గజాలు దిగిపోయాయి. జయమణి మాత్రం నాలుగు బకెట్లేనంటుంది.

రెండో రోజు కూడా తడిపారు, మూడో రోజూ అంతే. ఇంకా సున్నం జాడ లేదు. “ఏరా, గోడకు స్నానమేనా, బట్టలు వేసేదుందా?” అని అడిగాను.

“సరిగ్గా తడవలా,” అన్నాడు శాంతయ్య.

“మూడు రోజులు తడిపితే ఎండిపోయిన మున్నేరు కూడా తడుస్తుందిరా!”

“గోడ సంగతి నాకు తెలుసా, నీకు తెలుసా?”

నాలుగో రోజున వాడు గోడ కింద వరసలో వేలు పెట్టి చూపించి, “ఇక్కడ నాకో పొట్ట కావాలి తల్లీ,” అన్నాడు. సుస్మిత పెద్ద సున్న చుట్టింది. “దాని పక్కన ఇంకోటి. ఇది కొంచెం పైన తెరిచి ఉండాలి.” అలా పొట్ట తర్వాత పొట్ట రాయిస్తూ గోడ చివరికి తీసుకెళ్లాడు. మళ్లీ మొదటికి వచ్చి, “ఇప్పుడు సన్న బ్రష్ తీసుకో. వీటి నెత్తిన తలకట్లు కొట్టుకుంటా పోదాం,” అన్నాడు. తలకట్లు పడేసరికి అవి త అయ్యాయి, గ అయ్యాయి, స అయ్యాయి. పిల్ల వెనక్కి నాలుగడుగులు వేసి, నడుం మీద చెయ్యి పెట్టుకుని, తల ఒక పక్కకు వంచి చూసింది. అచ్చం శాంతయ్య నిలబడేట్టే.

నాకు మాత్రం కాన్వెంట్ రక్తం ఉడికిపోయింది. వాణ్ణి పక్కకు పిలిచాను. “ఒక అక్షరం పూర్తి చేశాకే రెండోది మొదలుపెట్టాలిరా. మనకు సిస్టర్ గారు నేర్పింది అదేగా?”

“సిస్టర్ గారు నిచ్చెన ఎక్కారా? ఒక్కో అక్షరానికీ బ్రష్ మార్చుకుంటా కూర్చుంటే ఒక్క గోడకే ముసలాణ్ణయ్యేవాణ్ణి. పొట్టలు ముందు, తలకట్లు తర్వాత. వత్తులుంటే అన్నిటికన్నా చివర.”

“దానికి నేర్పాల్సింది కాగితం మీద రాత, నువ్వు పెయింటర్ని చేస్తున్నావేంట్రా!”

“నేను నేర్పట్లా. నాకు పనుంది, పిల్ల ఖాళీగా ఉంది. అంతే.”

వారం తిరిగేసరికి వీధిలో పిల్లలు ఆరుగురు చేరారు. గోడ చాలలేదు. పైగా సుస్మిత ‘త’ను తోక వైపు నుంచి మొదలుపెడుతోంది. అప్పటికి మే నెల చివరికి వచ్చాం. అక్షరం ఒక్కోటి మూడడుగులుంది, పుస్తకంలో గీతల మధ్య ఉన్నది వేలెడు కూడా లేదు. “ఇక చిన్నది చెయ్యరా, కాగితం మీదకు రావాలి,” అని శాంతయ్యను బతిమాలాను.

వాడు పిల్లలందరినీ ఊరి బయట తిరుపతిరావు గారి మిరపకల్లానికి తీసుకెళ్లాడు. కాయలు ఎప్పుడో అమ్ముడైపోయాయి కాబట్టి కల్లం చదునుగా, ఖాళీగా ఉంది. అడుగున చిల్లు పెట్టిన డబ్బాలో సున్నపుపొడి పోసుకుని, నేల మీద ఆ మహా ‘అ’ను గీశాడు. పక్కనే స, ఆ పక్కన త.

“చేతికి తెలీకపోతే కాళ్లకి చెబుదాం,” అన్నాడు. “ఎక్కడ మొదలుపెట్టానో అక్కణ్ణుంచే నడవాలి. అడ్డదారిలో వచ్చినోడు అవుట్.”

పిల్లలు వరసకట్టి అక్షరాల మీద నడిచారు. ఆ తర్వాత పరిగెత్తారు. ఇంకాసేపటికి శాంతయ్య అంచు మీద నిలబడి “పొట్ట తిరగండి! తలకట్టు ఎక్కండి!” అని అరుస్తుంటే, పిల్లలు బస్సుల్లా హారన్లు కొట్టుకుంటూ తిరిగారు. దూడ వచ్చింది అప్పుడే.

తిరుపతిరావు గారు కూడా అప్పుడే వచ్చారు, భుజం మీద తుండు ఎగురుతుండగా. ఆయన వెనక పదిమంది ఉన్నారు. నేనైతే వందమంది అని చెప్తుంటాను. కల్లంలో సున్నంతో పెద్ద గుండ్రాలు గీస్తున్నారని ఎవరో చూసి, ఊళ్లో హెలికాప్టరు దిగుతోందని పుకారు లేపారు. మన ప్రాంతంలో ఖాళీ నేల మీద సున్నం పడిందంటే దానికి ఇంకో అర్థం లేదు మరి.

“ఏమయ్యా శాంతయ్యా! నా కల్లంలో హెలికాప్టరు దింపుతా నాకో మాట చెప్పవా? ఎవరొస్తున్నారు? దండలు తేవాలా, వద్దా?”

“ఎవరూ రావట్లేదండి. ఇది ‘అ’ అండి.”

“అంటే?”

“అమ్మలో అ అండి.”

ఆయన కాసేపు దాని చుట్టూ తిరిగి చూశారు. కోప్పడతారేమోనని నేను ముందుకు వెళ్లబోయాను. ఈలోపు సుస్మిత ఆయన వేలు పట్టుకుని, “ఇక్కణ్ణుంచి నడవాలండి, అడ్డంగా వస్తే అవుట్,” అంది. తిరుపతిరావు గారు చెప్పులు విడిచి ‘స’ మొత్తం నడిచారు. మధ్యలో దారి తప్పితే పిల్లలు అవుట్ చేశారు. ఆయన ఒప్పుకోక, మళ్లీ మొదటి నుంచి నడిచారు.

జూన్ మొదటి వారంలో మళ్లీ మా గోడ దగ్గరకు వచ్చారు. ఈసారి శాంతయ్య రోజుకో బ్రష్ మార్చాడు. మొదటి రోజు పన్నెండో నంబరు, మర్నాడు పది, ఆ తర్వాత ఎనిమిది. బ్రష్ సన్నబడేకొద్దీ అక్షరం కూడా చిన్నదవుతూ వచ్చింది. పదో తేదీకి పిల్ల ఒకటో నంబరు బ్రష్‌తో, మూడు వేళ్ల మధ్య పట్టుకుని, బెత్తెడు చోటులో సుస్మిత అని తన పేరంతా నీళ్లతో రాసేసింది. ఆ బ్రష్‌కీ పెన్సిల్‌కీ తేడా వెంట్రుకలే.

పదకొండున సాయంత్రం నేను గర్వంగా పుస్తకం తెరిచి, పెన్సిల్ దాని ముందు పెట్టాను.

చేతులు రెండూ వీపు వెనక్కి వెళ్లిపోయాయి.

నేను మోపెడ్ చప్పుడుకు పరిగెత్తి శాంతయ్యను గేటు దగ్గర ఆపాను. “ఒరేయ్, రేపే బడి! కాగితం చూసి మళ్లీ మొదటికొచ్చింది. ఏదో ఒకటి చెయ్యరా!”

“కాగితం నా పని కాదురా,” అన్నాడు వాడు. “నేను గోడలే రాస్తా.” అని వెళ్లిపోయాడు. ఆ పూట నాకు అన్నం సహించలేదు. రెండోసారి వడ్డించుకున్నది జయమణి బలవంతం మీదే.

మర్నాడు పొద్దున్నే నేనూ సుస్మితా బస్సెక్కి నందిగామ వెళ్లాం. బెన్ని బడి దగ్గర ఎదురు చూస్తున్నాడు. “సగం వచ్చాయన్నావుగా, మిగతా సగం?” అని అడిగాడు. నేను వర్షాల గురించి మాట్లాడాను.

పరీక్ష పెట్టే పరిమళ మేడం ముప్పై ఏళ్ల మనిషి, నెమ్మదస్తురాలు. బల్ల మీద తెల్లకాగితం, పెన్సిల్, రబ్బరు పెట్టి, “నీ పేరు రాయమ్మా,” అన్నారు. కిటికీలోంచి చూస్తే, మొదటి రోజని త్వరగా వదిలేసిన పిల్లల్ని ఎక్కించుకుని ఆవరణలో రెండు వ్యాన్లు నిలబడి ఉన్నాయి. రెండోది ఒకటో తరగతి వాళ్లది, దాని కిటికీలో సింధూర తల కనిపిస్తోంది. సుస్మిత కూడా చూసింది. చేతులు మాత్రం వెనకే ఉన్నాయి.

ఒక నిమిషం గడిచింది. నా లెక్కలో అది అరగంట. బెన్ని గొంతు సవరించుకున్నాడు. “పర్లేదమ్మా, ఇంకో ఏడాది…” అని మేడం మొదలుపెట్టారు.

“మేడం, ఇది పడుకుని ఉంది,” అంది సుస్మిత.

“ఏది?”

“కాగితం. లేపాలి.”

వెనక నుంచి చేతులు తీసి కాగితం అందుకుంది. తిన్నగా వెళ్లి గోడకు ఆనించింది. పై అంచు దానికి అందలేదు. “మేడం, కొంచెం పట్టుకోండి. జారనియ్యొద్దు.” పరిమళ మేడం ఏమనుకున్నారో గానీ, లేచి వచ్చి రెండు చేతులతో కాగితాన్ని గోడకు అదిమి పట్టుకున్నారు. సుస్మిత కాళ్లు ఎడంగా పెట్టి నిలబడి, పెన్సిల్ తీసుకుని పొట్టలు మొదలుపెట్టింది. ఒక పొట్ట, దాని పక్కన ఇంకోటి, ఆ పక్కన మూడోది. మూడూ బోడిగా ఉన్నాయి. నెత్తిన ఏమీ లేదు.

మేడం నుదురు ముడిపడింది. “ఇలా కాదమ్మా, అక్షరాలు తప్పు…” అంటూ ఒక చెయ్యి వదిలి బల్ల మీది రబ్బరు అందుకున్నారు. రబ్బరు చూసి పిల్ల చెయ్యి గాలిలో ఆగిపోయింది.

నా జీవితంలో పెద్దవాళ్ల మాటకు అడ్డుపడింది తక్కువ. అంటే బడిలో. కానీ అప్పుడు నేను లేచాను. “మేడం, పని సగంలో ఉందండి. అయ్యాక చూడండి. తప్పుంటే గోడ మొత్తం కొట్టేసి మళ్లీ రాస్తుంది.”

ఆమె నన్ను చూశారు, పిల్లను చూశారు. రబ్బరు బల్ల మీద పెట్టేసి మళ్లీ కాగితం పట్టుకున్నారు. సుస్మిత మొదటికి వచ్చింది. తలకట్టు కొట్టింది, కొమ్ము తిప్పింది, గుడి పెట్టింది, చివరి పొట్టకు ఇంకో తలకట్టు. అన్నీ అయ్యాక కిందికి వంగి మ వత్తు తగిలించింది. వెనక్కి నాలుగడుగులు వేసి, తల వంచి చూసింది.

సుస్మిత.

బెన్ని కుర్చీలోంచి లేచి మళ్లీ కూర్చున్నాడు. “అయిపోయిందా?” అని మేడం అడిగారు. “ఇంకా లేదు,” అని పిల్ల మళ్లీ కాగితం దగ్గరకు వెళ్లింది. కింద కుడి మూలన చిన్నగా ‘శాంతి’ అని రాసి, దాని పక్కన పది అంకెలు వేసింది. నీళ్లతో రాసినా సరే, శాంతయ్య రాసే ప్రతి గోడకూ అడుగున ‘శాంతి’ అని వాడి పొట్టి పేరూ ఫోన్ నంబరూ ఉంటాయి. రాత అంటే చివర అది కూడా రాయాలని పిల్ల అనుకుంది.

“ఒకటో తరగతి,” అన్నారు పరిమళ మేడం. సుస్మిత ఆ మాట పూర్తిగా వినలేదు. అప్పటికే రెండో వ్యాను మెట్టు మీద ఉంది.

మేడం కాగితం చేతిలో పట్టుకుని, కుతూహలం ఆపుకోలేక ఆ నంబరుకు ఫోన్ చేశారు. “హలో, చెప్పండి. గోడా, ట్రాలీనా?” అన్న శాంతయ్య గొంతు నాకూ వినిపించింది.

“నేను నందిగామ బడి నుంచి మాట్లాడుతున్నానండి. ఈ రాత…”

“బడి గోడ నేను రాయలేదండి,” అని వాడు ఫోన్ పెట్టేశాడు.

మేడం పట్టు వదల్లేదు. పెన్సిల్ పట్టని పిల్లలు తన దగ్గర ఇంకో తొమ్మిదిమంది ఉన్నారట. శాంతయ్య గారు శనివారాలు వచ్చి బడి వెనక గోడ తడిపిస్తే చాలని, ఆయన గురించి పిల్లల తల్లిదండ్రులకు తెలిసేలా ఒక పేజీ రాసిపెట్టమని నన్ను అడిగారు. ఒక పేజీ నాకు ఏ మూలకు? ఇదంతా రాశాను. నిన్న సాయంత్రం వాడు ఇంటికొస్తే, టీ ఇచ్చి, మొదటి నుంచి చివరి దాకా చదివి వినిపించాను. వాడు మధ్యలో ఒక్కసారి కూడా నవ్వలేదు.

“ఎట్లా ఉందిరా?” అన్నాను.

“అబద్ధం,” అన్నాడు.

“ఏది?”

“మొత్తం. శనివారాలు నాకు ట్రాలీలుంటాయి. నేనెవరికీ ఏమీ నేర్పలా. ఆ పిల్లెవరో నాకు తెలీదు. కల్లంలో సున్నం పోసింది ఎవరో కనుక్కో. కిందటి మేలో నేనసలు పేటలోనే లేను, మైలవరంలో మా చెల్లెలింట్లో ఉన్నా.”